ఆగెహే!

పోయిన వారం ఒక బెంగాలీ పత్రికలో ఓ మూలన ఆరు లైన్లు వేశారు. ఒకప్పటి రైల్వే ఫుట్‌బాల్ ఆటగాడు, యుద్ధంలో పతకం అందుకున్న మాజీ సైనికాధికారి గుండెపోటుతో కన్నుమూశారని రాశారు. అంతవరకు బాగానే ఉంది. చివరి లైనులో మాత్రం, తూటాల వర్షంలో ‘ముందుకు!’ అని గర్జించి దళాన్ని గెలిపించిన ధీరుడు అని ఉంది. చదివి నాకు ఒళ్లు మండింది. ఆయన అరిచింది ఆ మాట కాదు. ఏ మాటో నాకు బాగా తెలుసు. పదేళ్లపాటు ప్రతి సాయంత్రం ఆయన నా మీద అరిచిన మాటే అది.

నేను గోలీని. ఉద్యోగం ఖరగ్‌పూర్ వర్క్‌షాపులో ఫిట్టరు, ఆట రైల్వే జట్టులో గోల్‌కీపరు. తెలుగు రైల్వేవాళ్లు ఎక్కువగా ఉండే ఓల్డ్ సెటిల్‌మెంట్‌లో నన్ను పేరు పెట్టి పిలిచేవాడు మా మామగారొక్కడే, అదీ కోపం వచ్చినప్పుడు. మిగతా అందరికీ గోలీనే. పత్రికలో పడ్డాయన మా సెంటర్ హాఫ్. నాకు పదిహేను గజాల ముందు నిలబడి, అవతలివాళ్లు నా దాకా రాకుండా చూసే మనిషి. అందుకే ఆయన్ని తలుచుకుంటే ముందు గుర్తొచ్చేది వీపు. చెమటకి అంటుకుపోయిన బనీను, కాస్త కిందికి జారిన ఎడమ భుజం. ఆయన ఎటు కదలబోతున్నాడో ఆ భుజం అరక్షణం ముందే చెప్పేసేది. ఆ సంగతి కనిపెట్టింది ఖరగ్‌పూర్ మొత్తం మీద నేనొక్కణ్నే, ఆయనకి కూడా చెప్పలేదు.

పేరు రాయను. పత్రికవాళ్లు పేరు సరిగ్గానే రాశారు, అది వాళ్ల దగ్గరే ఉండనీ. ఆ చివరి లైను నేను సరిచేస్తాను.

కలకత్తాలో ఒక పెద్ద క్లబ్బుకి డబ్బు తీసుకుని రెండు సీజన్లు ఆడి వచ్చాడు. వాళ్లు ఇంకా ఉండమన్నా వినకుండా, రైల్వేవాళ్లు పిలిచి గుమాస్తా ఉద్యోగం ఇస్తే ఇంటికి దగ్గరని వచ్చేశాడు. బి.ఏ. పాసైనవాడు, ఇంగ్లీషు దొరలా మాట్లాడేవాడు. కానీ ఆఫీసులో ఆయన్ని కుర్చీలో చూసినవాళ్లు తక్కువ. మధ్యాహ్నం రెండు దాటితే మాలాంటి ఆటగాళ్లకి గ్రౌండే ఆఫీసు. ఒకసారి హెడ్ క్లర్కు స్టాంపు ముద్ర కోసం ఈయన సొరుగు తెరిస్తే నిండా ఎర్రటి గులకరాళ్లున్నాయట. మా గ్రౌండు మొరం నేల. ఆట అయ్యాక అందరం నీళ్ల కుండ దగ్గరికి పరుగెత్తితే ఈయన మాత్రం వంగి వంగి రాళ్లు ఏరి జేబులో వేసుకునేవాడు. గ్రౌండులో పారేస్తే మళ్లీ లోపలికొస్తాయని ఆఫీసుకి మోసుకెళ్లేవాడు. హెడ్ క్లర్కు బెంగాలీ పెద్దమనిషి. సొరుగు మూసేసి, “మన రైల్వేకి పట్టాల కింద పోసే మెటల్ కొరత వస్తే నీ దగ్గరికే వస్తాం బాబా” అన్నాడట.

చిన్నప్పటి నుంచీ వట్టి కాళ్లతో ఆడినవాడు. వాళ్లమ్మ పాత పంచెలు చింపి పట్టీలు చేసిచ్చేది, అవి చీలమండలకి బిగించి కట్టుకునేవాడు. బూట్లు వేసుకు తీరాలని రూలు వచ్చిన ఏడాది ఆయన నడక చూసి తీరాల్సిందే. అత్తారిచ్చిన ఇరుకు చెప్పుల్లో కొత్త పెళ్లికొడుకులా నడిచేవాడు. రెండు నెలలు అందరం నవ్వాం. మూడో నెల నుంచి ఆ బూట్ల ముందు నిలబడిన ఫార్వర్డు ఎవడూ నవ్వలేదు.

మంచివాడని చెబుతున్నానని అనుకోకండి. గ్రౌండులో పచ్చి జిత్తులమారి. కార్నర్ కిక్ పడేముందు అవతలివాడి నిక్కరు పట్టుకుని లాగేవాడు. మేము ఒక గోలు పైన ఉంటే చివరి ఐదు నిమిషాల్లో ఆయనకి తప్పకుండా కాలు నొప్పి వచ్చేది. ఒకసారి బంతి నన్ను దాటి గీత లోపల అడుగు దూరం పడింది. ఈయన వెనక్కి వచ్చి కాలితో గిరుక్కున బయటికి లాగేశాడు. రిఫరీ దూరంగా ఉన్నాడు. పరుగెత్తుకొచ్చి, “గీత దాటిందా?” అని ఆయన్నే అడిగాడు. అప్పుడే పూజ చేసి లేచొచ్చినవాడి మొహం పెట్టి, “నో సర్” అన్నాడు. ఆ మ్యాచి మేము గెలిచాం.

సైకిళ్ల మీద ఇంటికి వస్తుంటే నేను ఉండబట్టలేక అడిగాను. “అబద్దం కదా దాదా?”

“రిఫరీకి దేవుడు రెండు కళ్లు ఇచ్చినాడురా. మూడోది నానెందుకివ్వాల?” అన్నాడు. అని తొక్కుకుంటూ పోయాడు.

ఇక ఆ మాట సంగతి. నాకొక చెడ్డ అలవాటు ఉండేది. బంతి దూరంగా కనిపిస్తే చాలు, గోలు వదిలేసి ముందుకి ఉరికేవాణ్ని. సగంసార్లు బంతి దొరికేది, సగంసార్లు పరువు పోయేది. ఆయనకి వెనక కళ్లున్నాయో ఏమో, తిరిగి చూడకుండానే నేను కాలు కదిపింది కనిపెట్టి, “ఆగెహే!” అని అరిచేవాడు. ఆ అరుపు ఏమిటో తెలుగువాడికి విప్పి చెప్పక్కర్లేదు. విసుగూ చనువూ పెత్తనమూ కలిపి ఒక్క ముక్కలో ఆగమనడం. ‘నేనున్నాను, నువ్వు కదలకు’ అని దానికి అర్థం. నేను పదిసార్లలో ఆరుసార్లు వినేవాణ్ని కాదు.

ఒక ఏడాది మా జట్టులోకి కొత్తగా ఒక బీహారీ లెఫ్ట్ బ్యాక్ వచ్చాడు. ఎద్దులాంటి మనిషి, చెప్పింది చెప్పినట్టు చేసే రకం. సెమీఫైనల్లో ఒక గోలు పైన ఉన్నాం. బంతి మా ముందు ఎటూ కాకుండా పడింది, నేను కాలు కదిపాను. ఈయన “ఆగెహే!” అన్నాడు. నేను ఆగాను, ఆ రోజు ఎందుకో బుద్ధిగా. కానీ మా బీహారీ ఆగలేదు. వాడు కాయవలసిన ఫార్వర్డుని గాలికొదిలేసి, గ్రౌండు సగం దాటేదాకా రైలింజనులా ముందుకి దూసుకుపోయాడు. ఆ ఫార్వర్డు తాపీగా వచ్చి ఖాళీ మూలలో బంతి పెట్టి పోయాడు. ఆ తర్వాత ఇంకొకటి కూడా పెట్టారు. ఓడిపోయాం.

గ్రౌండు పక్కన మా డేరాలో అందరూ వాడి మీద పడ్డారు. వాడు ఏడుపు మొహంతో, “దాదా నే బోలా ‘ఆగే!’ దాదా ఆగే బోలేగా తో హమ్ పీఛే జాయేంగే క్యా?” అన్నాడు. ఒక్క క్షణం ఎవరికీ అర్థం కాలేదు. తెలుగులో ఆగమంటే హిందీవాడి చెవిలో ముందుకి పొమ్మని పడిందన్నమాట. అర్థమయ్యాక ఆయన నవ్విన నవ్వుకి నోట్లోని మరమరాలు పొలమారితే, నేనే వీపు మీద చరిచాను. తర్వాత సీరియస్‌గా ఒక రూలు పెట్టాడు. రేపట్నుంచి ఆగమనాలంటే జట్టు అందరికీ హిందీలో ‘రుకో.’ ‘ఆగెహే’ గోలీకి ఒక్కడికే. ఆ విధంగా ఒక తెలుగు మాట నా సొంత ఆస్తి అయింది.

చైనాతో యుద్ధం వచ్చింది. సైనికుల బండ్లు మా స్టేషను మీదుగా వెళ్తుంటే ఆడవాళ్లు ప్లాట్‌ఫారం మీద పూరీలు పంచారు. చదువుకున్నవాళ్లు కావాలి, ఆఫీసర్లుగా తీసుకుంటామని ప్రకటన పడింది. ఈయన దరఖాస్తు పెట్టేశాడు. వయసు ముప్ఫై దగ్గరపడింది, ఇంకా రెండు మూడేళ్లు హాయిగా ఆడి, కుర్చీలో కూర్చుని ప్రమోషన్లు తీసుకోవచ్చు. వాళ్లమ్మ నన్ను పిలిపించింది.

“ఒరే గోలీ, నువ్వైనా సెప్పరా. బంతాట ఒగ్గేసి తుపాకీ అట్టుకుంటాడట. ఏటి కరమ నాకు!”

నేను చెప్పబోతే ఆయన విననేలేదు. “కాళ్లు ఉన్నప్పుడే ఎల్లాల. కుంటోడయ్యాక ఎల్తానంటే ఎవుడు తీసుకుంటాడు?” అన్నాడు. పెద్దపెద్ద మాటలేమీ లేవు. బూట్లు నాకిచ్చి, పట్టీలు మాత్రం పెట్టెలో పెట్టుకుని వెళ్లాడు.

ట్రైనింగు అయ్యాక కార్డులు రాసేవాడు. వాటిలో యుద్ధం ఉండేది కాదు, ఫుట్‌బాలే. తన ప్లటూను కుర్రాళ్లతో జట్టు కట్టానని, అందరూ హిందీవాళ్లని, చలికి బంతి రాయిలా గట్టిపడుతోందని రాసేవాడు. ఒక కార్డు నాకు ఇప్పటికీ కంఠస్థం: “ఇక్కడ ఒక గోలీ దొరికినాడు. వైర్‌లెస్ మోసే సిపాయి. నీకన్నా మంచోడు. కానీ నీలాగే ముందుకి ఉరుకుతాడు. ‘ఆగెహే’ నేర్పినాను. నీలాగ కాదు, ఇంటాడు.” నాకు కొంచెం కష్టమనిపించింది. ఆస్తి పంచుకోవాల్సి వస్తే ఎవరికి మాత్రం బాగుంటుంది!

పాకిస్తాన్‌తో యుద్ధం మొదలైంది. కార్డులు ఆగిపోయాయి. తర్వాత ఒకరోజు ఈయనకి పతకం వచ్చిందని వర్క్‌షాపంతా గుప్పుమంది. ట్రాఫిక్ కాలనీలో మిఠాయిలు పంచారు. ఒక కాలువ గట్టు మీద శత్రువు మరతుపాకి పెట్టి కూర్చుంటే, ఈయన ‘ముందుకు’ అని అరవగానే ప్లటూను మొత్తం లేచి ఉరికి గట్టు పట్టుకుందట. “మనోడే! మన తెలుగోడే!” అని టీ బడ్డీ దగ్గర ముసలాళ్లు ఒకటే ఊగిపోయారు. నేనూ ఊగాను. అబద్ధం ఎందుకు, ఆయన వెనకాల పదేళ్లు నిలబడ్డానని చెప్పుకుని ఆ నెల్లో నేను తాగిన ఉచిత టీలకి లెక్కలేదు.

మరో రెండు మూడేళ్లకి ఆర్మీ వదిలేసి వచ్చాడు. కుడి మోకాల్లో చిన్న ఇనప ముక్క ఉండిపోయింది. మళ్లీ అదే ఆఫీసు, అదే సొరుగు. గ్రౌండుకి వచ్చి గీత పక్కన కూర్చునేవాడు. యుద్ధం గురించి ఎవరడిగినా “చలి ఎక్కువ” అనేవాడు, అంతే. సన్మానం చేస్తామని కాలనీ పెద్దలు వస్తే ఆరు నెలలు తప్పించుకున్నాడు. చివరికి ఒకరోజు తనే కబురు పెట్టాడు. “సరే. మైకు కావాల. ముందు వరసలో ఒక కుర్చీ నాకొగ్గీండి. అందులో ఎవుర్ని కూకోబెట్టాలో నాను సూసుకుంటాను.” ఏ జనరల్నో పిలుస్తున్నాడనుకుని కమిటీవాళ్లు ఆ కుర్చీకి పట్టుగుడ్డ కూడా కట్టించారు.

సన్మానానికి ముందురోజు నన్ను స్టేషనుకి పంపాడు. బీహారు నుంచి ఒక పెద్దాయన వస్తాడు, తీసుకొచ్చి మీ ఇంట్లో పెట్టుకో అన్నాడు. దిగినవాడు జనరలూ కాదు, ఏమీ కాదు. డెబ్భై ఏళ్ల రైతు. నెత్తిన తలపాగా, చంకలో సత్తుపిండి మూట. మా క్వార్టర్సులో మంచం వాల్చి కూర్చోబెడితే అంచున కూర్చున్నాడు. మా ఆవిడ అన్నం పెట్టింది. తిన్నాక నా చేతులు పట్టుకుని వేళ్లు చూశాడు. గోలీల వేళ్లు వంకరపోతాయి, అది చూసి హిందీలో అడిగాడు. “నువ్వు కూడా బంతి పట్టేవాడివా? మా పెద్దాడికీ ఇలాగే ఉండేవి. వాడు బాగా పట్టేవాడా, మీ సాహెబు ఎప్పుడైనా రాశాడా?”

అప్పటికి గాని నా మట్టిబుర్రకి తట్టలేదు. ఈ ముసలాయన, కార్డులో రాసిన ఆ వైర్‌లెస్ గోలీ తండ్రి.

“నాకన్నా మంచోడని రాశాడు బాబా” అన్నాను.

ముసలాయన తలూపాడు. తర్వాత తనే చెప్పాడు. కాలువ గట్టు దగ్గర ఆ రోజు చనిపోయింది వాళ్లబ్బాయి ఒక్కడే. అదే దళంలో ఉండి సెలవు మీద వచ్చిన పక్క ఊరి సిపాయి ఒకడు, తూటా వీపులో దిగిందని చెప్పాడట. అందరూ ముందుకి ఉరుకుతుంటే వీడొక్కడే వెనక్కి తిరిగాడట. ఊళ్లోవాళ్లు మొహం మీద ఏమీ అనలేదు. కానీ బడి గోడ మీద యుద్ధంలో పోయిన ఆ చుట్టుపక్కల కుర్రాళ్ల పేర్లు రంగుతో రాశారు. నాలుగు పేర్లు. వాళ్లబ్బాయిది లేదు. “మనవడు ఆ బడికే వెళ్తాడు” అన్నాడు. “రోజూ చదువుకుంటాడు, నాలుగు పేర్లు.”

పొద్దు గూకుతుండగా దాదా గ్రౌండులో గోలు కర్రకి ఆనుకుని కనిపించాడు. నేను వెళ్లి పక్కన నిలబడ్డాను.

“ఇన్నావా ముసిలోడి మాట? నాకూ ఆయన ఉత్తరం వొస్తేనే తెలిసినాది.”

“ఇన్నాను దాదా. నిజవేనా, వాడు పారిపోబోయినాడా?”

ఆయన నా వైపు తిరిగాడు. “ఒరే గోలీ. నాను ఆ రోజు అరిసింది ఏటనుకున్నావు?”

నాకు చెప్పకముందే తెలిసిపోయింది.

చెరుకు తోటలోంచి ప్లటూను బయటికి వచ్చేసరికి గట్టు మీంచి మరతుపాకి మొదలైందట. ఆ క్షణంలో ఆయన నోట్లోంచి హిందీ రాలేదు, ఇంగ్లీషు రాలేదు. “ఆగెహే!” అని వచ్చింది. ముప్ఫైమంది హిందీవాళ్ల చెవుల్లో ‘ఆగే!’ అని పడింది. లేచి ఉరికారు. అంతమంది ఒక్కసారిగా మీద పడేసరికి గట్టు మీదవాళ్లు చెదిరిపోయారు. గట్టు దొరికింది, పతకం దొరికింది. ప్లటూనులో ఆ మాటకి సరైన అర్థం తెలిసినవాడు ఒక్కడే. వాడు ఆగాడు. ఆగి, ఎందుకు ఆపారా అని సాహెబు వైపు తిరిగి చూశాడు. అప్పుడు తగిలింది వీపులో.

“ఆర్మీలో సెప్పలేదా?”

“మా కర్నలుకి ఆ రాత్రే సెప్పినాను. నవ్వినాడు. గెలిసినాక ఏ బాసలో అరిసినావని ఎవుడడుగుతాడు, పోయి పడుకో అన్నాడు. రాసి ఇచ్చినాను. కాయితం ఎటు పోనాదో తెలీదు.” గోలు కర్ర వదిలి నిటారుగా నిలబడ్డాడు. “రేపు మైకులో సెప్తాను.”

నేను బతిమాలాను. ముసలాయనకి ఇంట్లో, తలుపేసుకుని చెప్పు చాలు అన్నాను. ఊరంతా నీ పేరు చెప్పుకుని తలెత్తుకు తిరుగుతోంది, కుర్రాళ్లు నిన్ను చూసి ఆర్మీకి వెళ్లారు, ఎందుకు చేజేతులా నెత్తిన బూడిద పోసుకుంటావు అన్నాను. చివరికి పాత సంగతి కూడా తీశాను. “రిఫరీకి మూడో కన్ను నానెందుకివ్వాల అన్నావు కదా ఆ రోజు!”

“ఆ రోజు అబద్దం వొల్ల మనకో గోలు మిగిలినాదిరా,” అన్నాడు మెల్లగా. “దీనొల్ల వోడికి సిగ్గు మిగిలినాది. వోణ్ని పిరికోణ్ని సేసింది నలుగురి మజ్జిన. కాదని సెప్పడం తలుపేసుకునా?”

మర్నాడు నాలుగింటికి షామియానా నిండిపోయింది. వర్క్‌షాపు, ట్రాఫిక్, ఓల్డ్ సెటిల్‌మెంట్, బెంగాలీలు, తెలుగువాళ్లు, అందరూ ఉన్నారు. బడిపిల్లల బ్యాండు వాయించారు. పట్టుగుడ్డ కట్టిన కుర్చీలో తలపాగా ముసలాయనని చూసి కమిటీవాళ్లు మొహాలు చూసుకున్నారు. ఎవరో పెద్ద ఆఫీసరు పతకం కాగితం ఇంగ్లీషులో చదివాడు. ‘ముందుకు’ అన్న చోట చప్పట్లు మారుమోగాయి. ఆయన మెడలో దండలు గడ్డం దాకా వచ్చాయి. వాటిని తీసి బల్ల మీద పెట్టి మైకు దగ్గరికి కుంటుతూ వచ్చాడు.

ప్రతి మాటా మూడుసార్లు చెప్పాడు. ముందు ముసలాయన కోసం హిందీలో, తర్వాత బెంగాలీలో, తర్వాత మన తెలుగులో. ఎవరికీ అర్థం కాలేదనడానికి సందు ఇవ్వలేదు. నేను అన్నది ముందుకి అని కాదు, ఆగమని. నా ప్లటూనుకి నా మాట తెలీదు, అందుకే గెలిచాం. ఒక్కడికి తెలుసు, వాడు నా మాట విన్నాడు, అందుకే పోయాడు. వాడు వెనక్కి తిరిగింది పారిపోవడానికి కాదు, నా ఆర్డరు కోసం. ఆ రోజు ఆర్డరు పాటించిన సిపాయి వాడొక్కడే. పతకం కాగితంలో రాసింది తప్పు.

అంతే, కూర్చోబోయాడు. ఎవరూ చప్పట్లు కొట్టలేదు. నా పక్కనున్న బాయిలర్ షాపు ముసలాడు మాత్రం ఉండబట్టలేక, “ఓరి నీ ఇల్లు బంగారంగానూ, ఇదేటి పరువు తీసుకోడం!” అని గొణిగాడు. నేను ఊపిరి పీల్చుకున్నాను. అయిపోయింది కదా అనుకున్నాను.

అప్పుడు ముందు వరసలో ముసలాయన లేచాడు. మైకు అక్కర్లేని గొంతు.

“సాహెబ్, ఒక మాట. మీరు ఎందుకు ఆగమన్నారు?”

ఈ ప్రశ్న నాకు రాత్రి తట్టనే లేదు. ఏ గట్టు గురించో, ఎత్తుగడ గురించో చెబుతాడనుకున్నాను. చెప్పొచ్చు కూడా. సైన్యంలో పనిచేసినవాడికి ఒక కారణం దొరకదా? అంతమందిలో కాదనేవాడెవడు? ఆయన మైకు రెండు చేతులతో పట్టుకున్నాడు.

“డర్ గయా థా, బాబా.”

అక్కడితో వదిలెయ్యొచ్చు. వదల్లేదు. అదే మాట బెంగాలీలో చెప్పాడు. మా వైపు తిరిగి తెలుగులో చెప్పాడు. “బయమేసినాది. అందరం సచ్చిపోతామని బయమేసినాది.”

నాకు కళ్లు ఎత్తాలంటే సిగ్గేసింది, ఆయన గురించి కాదు, నా గురించి. పదిహేనేళ్లుగా ఆ మనిషి నాకు తెలుసు. ఆయన ధైర్యవంతుడని పదిమందికి చెప్పి టీలు తాగినవాణ్ని నేను. ధైర్యమంటే ఏమిటో ఆ ఎండలో, ఆ షామియానా కింద చూశాను. మళ్లీ ఎప్పుడూ చూడలేదు, చూస్తానన్న ఆశ కూడా లేదు.

ముసలాయన అలాగే నిలబడ్డాడు. తలపాగా సర్దుకున్నాడు. “అయితే నా కొడుకు భయపడి ఆగలేదు,” అన్నాడు ఒక్కో మాటా కూడబలుక్కుంటూ. “మీరు భయపడితే ఆగాడు.”

“అవును బాబా.”

“ఈ మాట మా ఊళ్లో చెబుతారా? ఇదే మాట, ఇలాగే?”

ఆయన వేదిక దిగి, దండలూ శాలువా అక్కడే వదిలేసి, కుంటుకుంటూ నా దగ్గరికి వచ్చాడు. “పట్నా ఎల్లడానికి ఇప్పుడు బండి ఎన్నింటికిరా?” అని అడిగాడు. పక్కనున్న పార్సెల్ క్లర్కు చెప్పాడు.

ఆ తర్వాత ఊరు రెండు ముక్కలైంది. పిరికివాడని కొందరు, పిచ్చివాడని కొందరు. కాదన్నవాళ్లూ ఉన్నారు, కానీ గట్టిగా అనలేదు. ఐదో రోజు పొద్దున్న ఆయన మా ఇంటి ముందు సైకిలు దిగాడు. గడ్డం పెరిగింది, కళ్లు లోపలికి పోయాయి. మా ఆవిడ టీ ఇచ్చింది. ఏమైందని అడగడానికి నాకు ధైర్యం చాల్లేదు. టీ సగం తాగాక తనే చెప్పాడు.

“ఐదో పేరు రాసినారు.”

“ఎవులు రాసినారు దాదా?”

“పెయింటరు పక్కూరెల్లినాడట. రేపు రాయిద్దామన్నారు. నానే నిచ్చెనెక్కినాను.” గ్లాసు కింద పెట్టి తన చేతుల వైపు చూసుకున్నాడు. గోళ్ల సందుల్లో ఇంకా నల్లరంగు ఉంది. “నాకు హిందీ అచ్చరాలు సరిగ్గా రావు కదరా, కొంచెం వొంకరొచ్చినాయి. తుడిసి మల్లీ రాస్తానంటే ముసిలోడు ఒప్పుకున్నాడు కాదు. ఒగ్గీ, సదూకోడానికి బాగానే ఉన్నాది అన్నాడు.”